మాసిక

మొయ్‌నాక్‌లో ఓడలు ఇసుకలోనే నిలబడి ఉంటాయి,
ఎవరైనా కేకేస్తే కదులుదామన్నట్టు.
సముద్రం నేను పుట్టకముందే వెళ్లిపోయింది.
మా తాత వలలు అల్లే సూదిని ఒక రేకు డబ్బాలో పెట్టి
డబ్బానే మర్చిపోయాడు.
ఈ ఉద్యోగం వచ్చాక వెతికి తీశాను,
ఆకారం ఒకటేనా కాదా చూద్దామని.

నా పని మాసికలు వేయడం.
కాలం పడుగు, చోటు పేక.
లోకాలన్నీ ఒకదాని మీద ఒకటి మడతపెట్టిన దుప్పట్లు,
మడతల దగ్గర ఒరుసుకుని చిరుగుతాయి.
నుకుస్ ఆఫీసు వాళ్లు దానికి పెద్ద పేరే పెట్టారు,
ఫారం మీద గడిలో పట్టదు.
నేను చిరుగు అనే రాస్తాను.

యంత్రం చూస్తే నవ్వొస్తుంది.
కుట్టుమిషనంత పెట్టె, కిర్రుమనే పిడి,
లోపల పన్నెండు సూదులు, లెక్కపెట్టి ఇచ్చినవి.
రెండు చివర్లా మొన, నడుమ కన్ను.
ఇటునుంచి గుచ్చి వదిలెయ్యాలి.
అటు ఎవరో అందుకుని తిరిగి గుచ్చాలి.
ఒక్కవైపు నుంచి వేసిన కుట్టు నిలవదు.
అటున్నది ఎవరో మాకు చెప్పరు,
మేమెవరో వాళ్లకు చెప్పరు.
నలభై నిమిషాలు చూడమంటుంది నియమావళి,
ఆ తర్వాత ఆ లోకం ఖాళీ అని రాసుకోమంటుంది.
ఒకసారి తెల్లారేదాకా చూశాను.
రాలేదు.
ఆ ఊరి పేరు చెప్పను.

ఈ వేసవిలో బీబీజాదా వంటింట్లో చిరుగు పడింది,
పొయ్యికి జానెడు పైన, అరచేయంత.
మనిషి ఎవరికీ ఫిర్యాదు చెయ్యలేదు.
కింద బకెట్ పెట్టుకుంది.
మూడు నెలలు.
పక్కింటి దౌలెత్‌కి పచ్చి చేపల వాసన తగలకపోతే
ఇంకా పెట్టుకునేదే.
నేను వెళ్లేసరికి గోడకు ఆనుకుని టీ తాగుతోంది,
బకెట్లో వెండిపొలుసుల పిల్లచేప
గుండ్రంగా తిరుగుతోంది.
"కూర్చో," అంది. "ఇది మన సముద్రమే.
దారి కనుక్కుని వచ్చింది."

డబ్బాల ఫ్యాక్టరీలో ఇరవై ఏళ్లు చేపలు కోసిన చేతులు.
ఆ చేతులు చూస్తూ అబద్ధం ఆడొచ్చు,
చాలామంది ఆడారు కూడా.
నేను చెప్పేశాను:
అవ్వా, ఇక్కడ కారే ప్రతి బొట్టూ అక్కడ తగ్గేదే.
వాళ్ల ఒడ్డున ఎవరో కర్ర పాతి
రోజూ కొలుచుకుంటూ ఉంటారు.

కర్ర అన్న మాట దగ్గర ఆమె ఆగిపోయింది.
వాళ్ల నాన్న పాతిన కర్రలు.
నీటి అంచున ఒకటి, దానికి ముందు ఒకటి,
దానికీ ముందు ఇంకొకటి,
ఆఖరిది పాతడానికి
సైకిలు మీద వెళ్లాల్సి వచ్చిందట.

లేచి బకెట్ ఎత్తింది. సాయం పట్టబోతే కసిరింది.
స్టూలెక్కి, చేపతో సహా, చిరుగులోకి విసిరింది.
సగం నా నెత్తినే పడింది.
చేప మాత్రం వెళ్లింది.

అప్పుడు కుట్టాను.
మొదటి సూది తడిగా తిరిగొచ్చింది,
మోచేతి దాకా నీళ్లు జారాయి.
అవతలి మనిషిది ఎడమచేతి వాటం,
కుట్టు అటు ఒరుగుతుంది.
తొందర లేని మనిషి. దారం వృథా చెయ్యని మనిషి.
బహుశా తిట్టుకుంటూ కుడుతున్న మనిషి,
ఇన్నాళ్లూ ఎక్కడ చచ్చావని.
తొమ్మిదో సూదికి ఒక పొలుసు అంటుకుని వచ్చింది.
బీబీజాదా దాన్ని నాలుక మీద పెట్టుకుని
"ఉప్పు తక్కువే," అంది,
"మన గాలితో పోలిస్తే."

ఆఖరి ముడి ఇటే పడాలి, సూది ఇటే మిగలాలి.
అది నియమం.
నేను గుచ్చి, చెయ్యి తీసేశాను.
కాసేపటికి లాగి చూస్తే
బిగువుగా ఉంది.

పన్నెండులో పదకొండే ఉన్నాయేమని
లెక్కల జులదిజ్ మూడుసార్లు అడిగింది.
వాడుకలో ఉంది, అని రాశాను.
జీతంలో కోశారు.

మొన్న టీకి వెళ్లాను.
పొయ్యి పైన గోడ పొడిగా ఉంది,
వేలితో తడిమితే గాని మాసిక తెలియదు.
బకెట్ అక్కడే ఉంది, అడుగున తెల్లటి గీతతో.
ఆమె దాన్ని బోర్లించలేదు.