గోలీ వైపు నుంచి

తబితను నేను చూసినంత ఎదురుగా
ఇంకెవరూ చూడలేదు.
వాళ్ల నాన్న చూసింది వెనక నుంచి,
తెల్లారుజామున ట్రాలీ ఆటోలో
గోనెపట్టా కప్పిన ఐసు దిమ్మల మధ్య
ఒదిగి కూర్చున్న పిల్లగా.
స్టాంజిన్ సార్ చూసింది పక్క నుంచి,
అద్దపు గోడకి ఆనుకుని, ఈల నోట్లో పెట్టుకుని.
నేను మాత్రం ముసుగు జాలీ లోంచి
నా మీదికే వస్తున్నదాన్ని చూశాను
నాలుగేళ్లు.

మాల్‌లో నాలుగో అంతస్తు.
ఒక పక్క పాప్‌కార్న్ వాసన,
ఒక పక్క బర్త్‌డే పిల్లల కేకలు.
బయట మే నెల, తారు చెప్పులకి అంటుకునేది.
లిఫ్టులో జనం మా కర్రలు చూసి
"హాకీయా? గ్రౌండ్ పైనుందా అమ్మా?" అనేవారు.

టికెట్ల జనం వెళ్లిపోయాక
రాత్రి పదకొండుకి మాకు మంచు దొరికేది,
అదీ గీతలు పడి, గుంటలు పడి,
ఎవరిదో చిన్న చేతి తొడుగు ఒకటి అతుక్కుపోయి.
"మంచిగున్న మంచు మీద ఎవరైనా ఉరుకుతరు"
అనేది తబిత.
మంచు సంగతి తనకి తెలిసినంత మాకు తెలియదు.
ముషీరాబాద్ చేపల మార్కెట్లో
దిమ్మ పగిలే చప్పుడు విని
లోపల గాలి ఉందో లేదో చెప్పేది.

కొట్టే ముందు తన కుడి భుజం
కొంచెం కిందికి దిగుతుంది.
దిమ్మలు దించేవాళ్ల భుజం అది.
బరువు అలవాటైన ఒళ్లు
బరువు లేనప్పుడు కూడా సర్దుకుంటుంది.
రెండో ఏడు కనిపెట్టాను.
ఎవరికీ చెప్పలేదు, తనకి కూడా.
చెప్పకపోవడం స్నేహమో
అవసరానికి దాచుకున్న చిల్లరో
నాకే తెలియదు.

లేహ్‌లో సెలక్షన్లు.
పైకప్పు లేని మంచు మొదటిసారి చూశాం.
కింద ఎక్కడో నీళ్లు మూలుగుతుండేవి.
రెండు రోజులు ఊపిరి అందక
మెట్లు కూడా చేతులు పట్టుకుని ఎక్కాం.
స్పితి పిల్లలు నవ్వారు,
నవ్వి, వెల్లుల్లి సూపు పోశారు.

చివరి మ్యాచ్‌లో మమ్మల్ని విడదీశారు.
తనది ఎర్ర జెర్సీ, నాది తెల్లది.
మొదటిసారి వచ్చింది. భుజం దిగింది. ఆపాను.
రెండోసారి. భుజం దిగింది. మోకాలితో ఆపాను.
గట్టు మీద పెన్నులు కదిలాయి.
చలికి సిరా రాక ఒకాయన
పెన్ను నోటి దగ్గర పెట్టుకుని ఊదడం కూడా
నాకు కనిపించింది.

మూడోసారీ భుజం దిగింది.
నేను పడ్డాను.
పక్ మాత్రం ఎడమన వస్తున్న
స్పితి పిల్ల కర్రకి చేరింది.
ఖాళీ వల.
బోర్లా పడ్డదాన్ని తలెత్తితే
తబిత కన్ను కొట్టింది.
ఎప్పట్నుంచి తెలుసో దానికి!

జాబితాలో పదిహేడో పేరు తనది.
నాది లేదు.
ఒక్కదాన్నే తిరిగొచ్చి వాళ్ల నాన్నకి చెప్పాను.
ఆయన అడిగింది ఒకటే:
"ఆడ ఐసు ఎంత మందం?"
రెండడుగులన్నాను.
"కరెంటు బిల్లు లేకుండనా?"
అని చాలాసేపు నవ్వాడు.
తర్వాత తువ్వాలుతో
ముఖం తుడుచుకుంటూ ఉండిపోయాడు.

బయటి దేశంలో నాలుగు ఆటలు ఓడారు.
తను కొట్టింది ఒక గోలు.
పేపర్లో పేరు 'తనిత' అని పడింది.
తిరిగొచ్చేసరికి మా మంచు లేదు,
నాలుగో అంతస్తంతా సోఫాల షోరూమ్.
జూనియర్స్‌లో తనకింకా రెండేళ్లు మిగిలాయి.

ఇప్పుడు పొద్దున్నే ఐదింటికి
ఇందిరా పార్కులో, చక్రాల మీద.
చక్రం ఆగమన్న చోట ఆగుతుంది,
మంచు ఆగాక కూడా కొంచెం పోనిస్తుంది,
ఆ కొంచెం కోసం
తను రోజూ రెండు సార్లు పడుతుంది.
మోచెయ్యి మీద పాత పొక్కు ఊడకముందే కొత్తది.

నా చెప్పులు రెండూ గోలు స్తంభాలు.
వాకింగ్ పెద్దాయన ఒకరు ఆగి చూస్తారు.
తను అటు చివర నుంచి బయల్దేరుతుంది,
భుజం దిగుతుంది.
నేనింకా కదల్లేదు.