తాళంచెవి

మా ఇంట్లో ఒక ఇత్తడి తాళంచెవి ఉంది.
ఏ తాళానికీ పట్టదు.
ఇనప్పెట్టె, భోషాణం,
ఒకసారి మా పెదనాన్న సైకిలు,
అన్నిటికీ పెట్టి చూశారు.
"నూకరత్నమవ్వది, పారేయకండర్రా" అనేది అమ్మమ్మ,
కారణం తనకీ తెలియకుండా.

ఈమధ్యే తెలిసింది.
అది తలుపుది కాదు, తంతిది.
నలభై ఏడు తంతుల హార్పుని శ్రుతిచేసే చెవి.

విశాఖపట్నానికి హార్బరు లేని రోజులు.
ఓడ దూరంగా, కొండముక్కు అవతల ఆగిపోయేది.
గడ్డి చుట్టి, మసూలా పడవలోకి దించి
కెరటం మీంచి కెరటం మీదికి తెచ్చారు దాన్ని.
లోపల ఎవరో మూలుగుతున్నారని
మోసిన జాలర్లు ఇసకలో పెట్టి దణ్ణం పెట్టారట.

దాని వెంట వచ్చిన ఫెల్టన్ దొరసాని
పెదగెడ్డ జమీందారు కూతుళ్ళకి నేర్పాలని వచ్చి
రెండో వానాకాలం దాటలేదు.
పాత గోరీలదొడ్డిలో ఆమె,
వాల్తేరు బంగ్లాలో దుప్పటి కప్పుకుని ఇది.

దుప్పటి తీసింది నూకరత్నం.
వీణ మనిషి. ఆటగత్తెల ఇంటి పిల్ల.
ఎర్రతంతి షడ్జమం, నల్లతంతి మధ్యమం,
తక్కినవి వెతుక్కుంది.
గురువుగారు గుమ్మం దాటలేదు:
"గొర్రె పేగులు! మైల!"
"మరి మృదంగం మీద తోలు ఎవరిదండీ?" అందట.
ఆయన మళ్ళీ రాలేదు.

జమాఖర్చు పుస్తకంలో చెదలు వదిలేసిన పేజీ:
*నూకరత్నానికి నెలకి పన్నెండు రూపాయలు.
దీపం నూనె వేరు.
మద్రాసు నుంచి పేగు తంతులు, పద్ధెనిమిది రూపాయలు.*
ఉప్పుగాలికి పొద్దుటి షడ్జమం
దీపాలవేళకి దిగజారేది.
అర్ధరాత్రి ఒక తంతి పటుక్కుమంటే
బంగ్లా కుక్కలన్నీ లేచేవి.
స్తంభం బీటలిస్తే
దంతప్పని కామేశాచారి కొమ్ముముక్కతో అతుకేశాడు;
బంగారుపూత మధ్య నల్లటి మచ్చ,
దిష్టిచుక్కలా.

ఒక్కటే లోటు. గమకం లేదు.
వీణ తీగని లాగితే వంగుతుంది, బతిమాలుతుంది.
ఇది అన్నమాట అనేసి ఊరుకుంటుంది.
వీణకి మెట్లు చేతికింద, ఇరవై నాలుగు.
దీనికి మెట్లు కాలికింద, ఏడే ఏడు.
ఎన్నేళ్ళు పట్టిందో పుస్తకంలో లేదు.
తంతి మీటి, మోగుతుండగానే
మెట్టుని పూర్తిగా తొక్కకుండా, సగంలో,
వాళ్ళమ్మ అడుగు ఆపినట్టు ఆపి
వదిలింది.
స్వరం జారింది.

రాణిగారి అరవయ్యో ఏటి ఉత్సవం.
మేజోళ్ళు తొడుక్కోమన్నారు. తొడుక్కుంది.
రాణి పాట వాయించింది, చప్పట్లు పడ్డాయి.
తర్వాత మేజోళ్ళు విప్పి పక్కన పెట్టి
భైరవి ఎత్తుకుంది.
కలెక్టరు పక్కవాడితో అన్నాడు: "పాపం, పాడైపోయింది వాద్యం."
చిక్కుల వెనక ఆడవాళ్ళు ఏమన్నారో ఎవరూ రాయలేదు.
పంకా లాగే కుర్రాడు మాత్రం
లాగడం మరిచిపోయినందుకు
అణా జరిమానా కట్టాడు. అది రాసి ఉంది.

రాణి పోయిన ఏడాదే జమీందారూ పోయాడు.
అప్పులు, వేలం.
చెక్క ఎవరు కొన్నారో,
పూత గోకి ఎన్ని తులాలు తీశారో.
ఆమెకి రావలసిన ఏడు నెలల జీతానికి బదులు
ఏమీ ఇవ్వలేదు.
చెవి ఆమె కొంగున ఉండిపోయింది, అడగడం మరిచారు.

కోటవీధిలో చాలాకాలం బతికింది.
ఒక ఎండవేళ దూదేకుల మస్తాను వీధిలోకొచ్చాడు,
వింటిని మోగించుకుంటూ.
ఆమె బియ్యం చేట వదిలేసి లేచిందట.
లావుపాటి పేగు, నల్లరంగు ఇంకా పూర్తిగా పోలేదు.
కింది మధ్యమం.

లోపల్నించి పరుపు ఈడ్చుకొచ్చింది.
"కొత్తదే కదమ్మా, ఇంకా గట్టిపడలేదు" అన్నాడు.
"ఏకు" అంది అరుగు మీద కూర్చుని,
కుడికాలు నేలకి కొద్దిగా ఆనించి.
"మెల్లిగా ఏకు."