ముదురు రంగు తువ్వాళ్లు

ఓడ ఆలస్యమైంది. అక్టోబరు గాలి, దీవుల మధ్య పొగమంచు.
ఐసుపెట్టెలో మూడు గొట్టాలు:
సిగ్నే, పద్నాలుగేళ్లు; వాళ్లమ్మ; అమ్మమ్మ.
కూడా ఒక కాగితం, అమ్మమ్మ గున్‌వోర్ చేతిరాత:
"పన్ను ఊడితే మూడు రోజులు ఆగదు.
ముక్కు కారితే రెండు తువ్వాళ్లు.
మా ఇంట్లో ఆడవాళ్లందరూ ఇంతే.
అందుకే ముదురు రంగువే కొంటాం."

తుర్కు ఆసుపత్రి, నేలకింది గది, రాత్రి డ్యూటీ నాది.
గాజుపలక మీద ఉల్లిపొర కన్నా పల్చగా
చుక్క పరిచాను. ఆరనిచ్చాను.

ఇక్కడ ఎలుక సంగతి చెప్పాలి.
ఎప్పుడో, ఏ ఊళ్లోనో,
ఒక తెల్ల ఎలుకకి మన నెత్తుటి జిగురు ఎక్కించారు.
శత్రువనుకుంది పాపం. ఆయుధం నూరుకుంది.
ఎలుక పోయింది.
దాని ప్లీహంలోని ఒక కణాన్ని
చావు మరిచిన క్యాన్సర్ కణంతో ముడేశారు.
ఆ సంతతి సీసాల్లో ఇంకా కాపురం చేస్తోంది,
ఒకే మాట ఒకే బాణం అన్నట్టు
ఒకే ఒక్క యాంటీబాడీని కంటూ.
వేల ప్రొటీన్ల తిరనాళ్లలో
అది ఒక్కదాన్నే పేరు పెట్టి పిలుస్తుంది.
తోకకి పచ్చని వెలుగు కట్టి వదిలాం,
దొరికిన చోట మెరవమని.

లైటార్పాను.
ముందు నాది చూశాను, పోల్చుకోడానికి.
ప్రతి ప్లేట్‌లెట్‌లో పచ్చటి రవ్వలు,
చీకట్లో ఎవరో పిడికెడు నూకలు చల్లినట్టు.
భూమ్మీద నూకలుండడమంటే ఇదేనేమో అనుకుని
నాలో నేనే నవ్వుకున్నాను.

సిగ్నే పలక.
చీకటి.
ఫోకస్ తిప్పాను. చీకటి.
మందు మరిచానా? కొత్త పలక, కొత్త చుక్క,
మళ్లీ గంటన్నర. చీకటే.
నూకల్లేవు.
అయినా ఈ పిల్ల నిన్న సైకిలు మీదే రేవుకొచ్చిందట
తన నెత్తురు తానే ఓడెక్కించడానికి.

వాళ్లమ్మది సగం వెలుగు. గున్‌వోర్‌దీ అంతే.
చూసేకొద్దీ చెరిగిపోయే వెలుగిది;
గబగబా ఫొటోలు తీశాను.
అప్పుడు తట్టింది:
రెండు సగాలు కలిస్తేగానీ ఇంత చీకటి రాదు.
నాలుగో గొట్టమేదీ?
తండ్రి నెత్తురు ఎవరూ అడగలేదు.
ఆయనా ఇవ్వలేదు. ఆయన ముక్కు ఎప్పుడూ కారలేదు మరి.

పొద్దున్నే ఫోన్ చేసింది డాక్టరే,
నేను పక్కన నిలబడ్డాను, కోటు కూడా విప్పకుండా.
లేనిదాన్ని సూదితో ఇవ్వొచ్చు అన్నాడు.
తండ్రి సంగతీ చెప్పాడు.
అవతల చాలాసేపు ఏమీ లేదు,
కుళాయి నీళ్ల చప్పుడు తప్ప.

"బెంగ్త్ కూడానా?" అంది గున్‌వోర్.
నలభై ఏళ్ల బరువేదో దించినట్టు గట్టిగా ఊపిరి వదిలింది.
తర్వాత, బేరమాడే గొంతుతో:
"అయితే తెల్లవి ఒక జత కొనమంటారా?"