స్టీలు స్కేలు

శుక్రవారం సాయంత్రం ఆరు దాటాక
లిఫీ నది మీద సీగల్ పక్షులు
చేపలు మానేసి చిప్స్ పొట్లాల కోసం కొట్టుకునే వేళ
డెర్విలా స్కల్లీ కోటు విప్పి కుర్చీకి తగిలించేది.
"రాసుకో" అనేది.

ఆదివారం పత్రిక అచ్చుకెళ్ళడానికి
ఇంకా ఇరవై ఆరు గంటలు.
పెదవి దాటకముందే పట్టుకోవాలి మాటని,
దాటితే పృథివి దాటుతుంది.

ఉత్తరం ఎప్పుడూ ఒకటిన్నర పేజీ.
కోపం ఉండదు. బాధ అసలే ఉండదు.
"మా క్లయింటు" అని ఏడుసార్లు,
"తగిన చర్య" అని ఒక్కసారి, చివర్లో,
చీకటి గదిలో ఎవరో
గీయకుండా పట్టుకున్న అగ్గిపుల్లలా.

ఆ అగ్గిపుల్లని
ముప్పై ఒక్క ఏళ్ళు టైపు చేశాను.

ఎవరెవరు ఎక్కారు డబ్లిన్‌లోని ఆ ఇరుకు మెట్లు!
గుర్రానికి మందు పెట్టాడని పేరుపడ్డ జాకీ,
మనుషులేమనుకున్నా సరే
గుర్రం ఏమనుకుంటుందోనని ఏడ్చినవాడు.
టీవీలో వాతావరణం చెప్పే అమ్మాయి,
తన కడుపులో ఎవరి బిడ్డో దేశమంతా లెక్కలేస్తుంటే
రేపు పడమర తీరాన జల్లులని
నవ్వుతూ చెప్పాల్సిన అమ్మాయి.
ఆమె దగ్గర ఫీజు తీసుకోలేదు డెర్విలా.
ఎవరికీ చెప్పొద్దంది.
చెప్పేస్తున్నాను, వేస్తే వెయ్యనీ దావా.

సొరుగులో ఒక స్టీలు స్కేలు ఉండేది.
క్షమాపణ అచ్చయిన పొద్దున తీసి కొలిచేది.
అబద్ధం మొదటి పేజీలో, పద్నాలుగు సెంటీమీటర్లు.
క్షమాపణ నాలుగో పేజీలో
కుక్కల పందేల ఫలితాల కింద, రెండున్నర.
"బరువుకి తూకం ఉంది, పరువుకే లేదు" అని
ఆ అంకెని డైరీలో ఎక్కించేది.

తర్వాత లోర్కన్ టాఫ్ కేసు.
టీవీలో వంటలు చేసేవాడు,
దేశంలోని అమ్మమ్మలందరికీ మనవడు.
తన హోటల్ వంటింట్లో కుర్రాళ్ళ చేతులు
కాలిన గరిటెతో ముట్టిస్తాడని
మాలకీ డెవెరో రాశాడు.
సాక్షులు ముగ్గురన్నాడు.
ఆ రోజుకి ఒక్కరూ రాలేదు.

ఫోర్ కోర్ట్స్ ఆకుపచ్చ గోపురం కింద
డెవెరో ఒక్కడే, చేతిలో నోటుబుక్కు,
దాని అట్టకి రబ్బరుబ్యాండు.
విగ్గు పెట్టుకున్న బారిస్టరు
అడిగిన ప్రతి ప్రశ్నా ఆమె రాసిచ్చిందే.
"ఆ ముగ్గురూ ఎక్కడ, డెవెరో గారూ?"
అతను తలుపు వైపు చూశాడు.
నేనూ చూశాను.

జ్యూరీకి మూడు గంటలు పట్టింది.
క్షమాపణ మొదటి పేజీలో, పద్నాలుగు సెంటీమీటర్లు.
ఆ పత్రికకి అదే ఆఖరి సంచిక.
అబద్ధానికీ క్షమాపణకీ కొలత సరిపోవడం
ఆమె డైరీలో అదొక్కసారే.
డెవెరో ఆ తర్వాత
గాల్వే రోడ్డు మీద పెట్రోలు బంకులో కనబడ్డాడన్నారు.
అన్నారంతే. నేను చూడలేదు.

ఆరేళ్ళకి, ఒక మార్చిలో,
ఏదో అద్దె తగువుతో ఒక కుర్రాడొచ్చాడు.
సంతకానికి చొక్కా చెయ్యి పైకి లాక్కున్నాడు.
మణికట్టు మీద, గరిటె అంచు వంపులో,
నెలవంకంత మచ్చ.

ఎవరూ ఏమీ అడగలేదు.
నన్ను కాఫీ తెమ్మంది.
తెచ్చేసరికి అతను లేడు.
బల్ల మీద స్కేలు ఉంది,
కొలవడానికి కాగితం మాత్రం లేదు.

ఆమె మారిపోయిందంటే కవిత బాగుంటుంది.
మారలేదు.
ఆ శుక్రవారమూ ఆరు దాటాక కోటు విప్పింది,
"రాసుకో" అంది.
కాకపోతే
"ఇది పచ్చి అబద్ధం" అని రావలసిన చోట
సీగల్ అరుపు ఒకటి వచ్చి వెళ్ళేదాకా ఆగి,
"మా క్లయింటు దీన్ని అబద్ధమంటున్నారు" అంది.
నేను తలెత్తలేదు.
ఆ తర్వాత నాలుగేళ్ళూ అలాగే టైపు చేశాను.

రిటైరైన రోజు స్కేలు నాకిచ్చింది.
ఇప్పుడు మనవరాలి లెక్కల పెట్టెలో ఉంది.
సున్నా దగ్గర గీత అరిగిపోయింది.
ఎక్కణ్ణుంచి కొలవాలని అడుగుతుంది పిల్ల.