అంకి చూపిన దారి

ఆయన పేరు విథర్స్.
మా పక్క నోళ్ళలో పడి విదురు దొరయ్యాడు,
మూడేళ్ళకి ఒట్టి ఆకుల దొర.

చిత్తూరు కచ్చేరిలో పొద్దున పదికి కుర్చీ.
శిస్తు బకాయిలు, గట్టు తగాదాలు,
పాకాల కరణం తప్పుడు అడంగలు మీద గంటన్నర.
సాయంత్రం అయిదైతే కోటు విప్పి
రేకు పెట్టె మెడలో తగిలించుకుని
వంకల వెంబడి వంగి వంగి నడిచేవాడట,
ఉంగరం పారేసుకున్నవాడిలా.

వెనకాల మా జేజి నాయన, బిళ్ళబంట్రోతు మునెప్ప,
నెత్తిన అట్టల కట్ట.
తడి కాగితాలు కచ్చేరి మిద్దెమీద ఆరేసి
కాకుల్ని తోలడం కూడా సర్కారు ఉద్యోగమేనని
చచ్చేదాకా నమ్మాడు.

ధాత కరువు వచ్చింది.
చెరువుల్లో బురద కూడా పగిలింది.
దొర ఆకులు ఏరే చోటికే
జనమూ ఆకులు ఏరుకోను వచ్చారు.
అప్పటిదాకా వంద పేర్లు చెప్పిన కొండ
ఆ ఏడు ఒకటే అడిగింది: తినొచ్చునా?

చంద్రగిరి దగ్గర ఒక ముసలాయన
పిడికెడు ఆకు చూపించి
"బతికుంటే బలుసాకు తినొచ్చు దొరా" అన్నాడు.
అది సామెతని తెలియక
దొర చీటీ మీద రాసుకున్నాడు:
బలుసు. తినదగును. బతికి ఉన్నవారికి.

అదే వారం మాఫీ అర్జీలు నూట నలభై.
పదకొండు మంజూరు చేశాడు.
మిగతావాటి వెనక, రాయని వైపు,
ఆకులు అద్దడానికి పనికొచ్చింది.
మా జేజి ఇది కోపంగా చెప్పేది కాదు.
కాగితాలకూ కరువే కదా నాయనా, అనేది.
కోపం నాది.

మామండూరు అడవిలో అంకి కనిపించింది.
యానాది మనిషి. చేతిలో తవ్వుకోల,
ఒడిలో తెల్లగా, పసిపిల్ల వేళ్ళంత గడ్డలు.
దొర మోకాళ్ళ మీద కూలబడ్డాడు.
అట్లాంటి తీగ ఆయన పుస్తకాల్లో లేదు.
యాడ దొరికిందో అడగమన్నాడు.
అంకి దొర ముఖం చూసింది, పెట్టె చూసింది,
పెన్సిలు ఇంకొంచెం సేపు చూసింది.
చెయ్యెత్తి తూర్పు చూపించింది:
"ఆ రెండు గుండ్ల నడమ, వాగు దాటినాక."

ఒక గడ్డ ఇచ్చింది. అణా పుచ్చుకుంది.
దొర తూర్పంతా తిరిగాడు, నాలుగు రోజులు.
ఆమె కాళ్ళకున్న ఎర్రమన్ను
పడమటి గుట్టదని మునెప్పకి తెలుసు.
చెప్పలేదు.
ఎందుకని జేజి అడిగితే
"అడగమన్నాడు, అడిగినా. చెప్పమనలా" అన్నాడట.

ఆరేళ్ళకి అడవి చుట్టూ రాళ్ళు పాతారు.
దొర గీసిన పటమే ఆధారం.
పుల్ల విరిస్తే జుల్మానా.
తూర్పు గుండ్ల దగ్గర ప్రత్యేకం కావలి,
ఏమీ మొలవని చోట.

దొర చిత్తూరులోనే పోయాడు, మన్యపు జ్వరంతో.
సమాధి రాతి మీద సగం పేరు,
చుట్టూ గడ్డి.
ఏ గడ్డో ఆయనకైతే తెలిసుండేది.

నేను తిరుపతిలో ముప్పై ఒక్క ఏళ్ళు
ఎండు మొక్కల బీరువాలకి అటెండర్ని.
నాఫ్తలీన్ ఉండలు మార్చడం, పురుగు చూడటం.
ఆ తీగ అట్ట అక్కడే ఉంది.
గడ్డ ముడుచుకుపోయి చెవిలా ఉంటుంది.
కింద చీటీ, గుండ్రటి అక్షరాలు:
రెండు గుండ్ల నడమ, వాగు దాటి, తూర్పు.

రెండు మూడేళ్ళకొకసారి ఎవరో ఒక పిల్లో పిల్లోడో
బూట్లు బిగించుకుని, ఫోన్లో కొండంతా పెట్టుకుని
ఆ చోటికే పోతారు.
బురద కాళ్ళతో వచ్చి
రిజిస్టరులో రాస్తారు: బహుశా అంతరించినది.

నేను టీ గ్లాసులు కడుగుతూ వినేవాణ్ణి.
అటెండర్ని ఎవరూ అడగలా.
అడిగుంటే
నా చెయ్యి ఏ దిక్కుకి లేచేదో
నాకే తెలీదు.