చేతుల వేషం

ఆ సినిమాలో ముఖం నాది కాదు.
మెడ, నడుము, కన్నీళ్లు
అన్నీ రాజధాని నుంచి దిగిన అమ్మాయివి.
మెతాతే రాయి మీద మిరపకాయలు నూరిన చేతులు మాత్రం
త్లాకోలూలా సంతలో మోలే ముద్దలమ్ముకునే
ఎర్మెలిందావి, అంటే నావి.

గోళ్ల కింద నలుపు కడుక్కోవద్దన్నాడు దర్శకుడు.
కడిగితే పోయేదైతే కదా.

ఒకటే ముక్క పదకొండు సార్లు తీశారు.
చిల్వాక్లె మిరపలు పెనం మీద నల్లబడాలి,
నువ్వులు చిటపటలాడాలి,
మాడుతున్న తోర్తియాని నేను ఉత్త చేత్తో తిప్పాలి.
ఎవరి కోసమో లోపల కాలిపోతున్నట్టు తిప్పమన్నారు.
చేతులకు నటన ఎవరు నేర్పుతారు?

పదకొండోసారి బొటనవేలు పెనానికి అంటుకుంది.
అరవకూడదు, కెమెరా తిరుగుతోంది.
బొమ్మలో పడని చోట, జానెడు దూరంలో,
గడకు మైకు కట్టి పట్టుకున్న ఫిదెన్సియో,
మూడు వారాలుగా నా రాతి చప్పుడు తప్ప
నా మాట ఒక్కటీ విననివాడు,
వంగి
వేలి మీద ఊదాడు.
ఒక్కసారే.

గాలి చప్పుడు బాగా పడింది, ఉంచేద్దాం
అన్నాడు దర్శకుడు.

సామాను లారీ ఎక్కింది. అతనూ ఎక్కాడు.
వేలు మానింది, మచ్చయినా మిగల్లేదు.

ఏడాది తర్వాత మా ఊరి హాల్లో ఆ బొమ్మ వేశారు.
మోలే ఉడికే చోట
తెర కింది అంచు నుంచి ఆవిరి జారి
ముందు వరస వాళ్ల మోకాళ్లు తడిపింది.
మూడొందల మందికి ఒక్కసారే పొలమారింది,
ఎవరెవరు తలుచుకున్నారో.
విడిపోయి ఆరేళ్లయిన మొగుడూ పెళ్లాం
చెరో తలుపులోంచి బయటికొచ్చి
ఒకే సైకిలు మీద ఇంటికెళ్లారు.
ఊడ్చే ముసలి ఎవోదియో
కుర్చీల కింద రాలిన నువ్వులు సంచీకెత్తి
మర్నాడు నాకే అమ్మజూపాడు.

నాకు మాత్రం వేలు మండింది,
అప్పుడే కాలినట్టు.
ఆ తర్వాత చల్లబడింది.

అప్పట్నుంచీ ఇదే వరస.
ఎక్కడ ఆ బొమ్మ ఆడినా నా బొటనవేలికి తెలుస్తుంది.
ఆదివారం మధ్యాహ్నాలు తప్పదు.
ఒకసారి తెల్లవారుజామున కాలింది,
ఏ దేశంలో అప్పుడు సాయంత్రమో!
ఇంకోసారి ఆ ఊపిరి రాకముందే
ఎక్కడో కరెంటు పోయినట్టుంది,
పొద్దుటిదాకా నీళ్లకుండలో చెయ్యి పెట్టుకు కూచున్నాను.
వెన్న రాయమంటుంది మా చెల్లెలు.
వెన్నకు తగ్గే మంటా ఇది?

తర్వాత తర్వాత ఏళ్ల తరబడి ఏమీ లేదు.
ఆ బొమ్మను లోకం మర్చిపోయిందనుకున్నాను,
కొంచెం నేనూ మర్చిపోయాను.

నిన్న రాత్రి కోకో గింజలు వేయిస్తుంటే
చురుక్కుమంది.
చల్లబడింది.
మళ్లీ చురుక్కు. మళ్లీ చల్లన.
మళ్లీ.

ఎవరో ఆ ఒక్క చోటే
వెనక్కి తిప్పి తిప్పి చూస్తున్నారు.
చూడటం కాదు, వింటున్నారు.

గింజలు మాడుతున్నాయి.
మాడనీ.