మాటల్లేని వేషం

నీలాచలం గారి నల్లకోటు ఇంకా నా ఇస్త్రీ కొట్లోనే ఉంది,
మోచేతుల దగ్గర నా పెట్టె తెచ్చిన మెరుపుతో సహా.

మొదట అది నిజం కోటే.
పర్లాకిమిడి చిన్నబండిలో టిక్కెట్లడిగేది,
గుణుపురం దాకా పోయి బొగ్గువాసనతో తిరిగొచ్చేది.
ఆ బండి ఆగిపోయాక టీవీలో చేరింది.
కటకంలో లాయరు, భువనేశ్వర్‌లో డాక్టరు,
ఒకసారి, ఎండాకాలంలో, ఉత్తరాంధ్ర జమీందారు గుమస్తా.

హైదరాబాదు వాళ్ళన్నారు, "మీ తెలుగులో ఒడియా ఉందండీ."
కటకం వాళ్ళన్నారు, "మీ ఒడియాలో తెలుగుంది."
చివరికాయనకి మాటల్లేని వేషమే మిగిలింది.
ఆపరేషన్ గది తలుపు తోసుకు రావడం,
కళ్ళజోడు తియ్యడం,
తల అడ్డంగా ఊపడం.

"అందులో ఏటుంది బాబూ?" అని నవ్వేను ఓసారి.
"ఊపేముందు లోపల లెక్కెడతానురా,
ఒకటి, రెండు, తిని, చారి.
చారి దాకా వాళ్ళ మనిషి బతికే ఉంటాడు."

పదకొండేళ్ళు.
ఆయన తల ఊపితే పోయినవాళ్ళని
మా ఆవిడ పాలచీటీ వెనక రాసుకుంది:
అరవై ముగ్గురు. ఒకావిడ మళ్ళీ బతికింది,
అది రచయిత తప్పంట.

మొన్న బరంపురం పెద్దాసుపత్రిలో
కుర్ర డాక్టరు ఫోను చూసుకుంటూ బయటికొచ్చి
చెప్పేశాడు.
కళ్ళజోడు లేదు. లెక్కా లేదు.

గోడకి ఆనుకుని
నేనే మొదలెట్టాను,
ఒకటి, రెండు, తిని,

చారి అనలేదు.